బజారులోనే సగం వంట

ఉజ్బెకిస్తాన్ రాజధాని తాష్కెంట్‌లోని చోర్సూ బజారులో క్యారెట్ తరిగి అమ్మే ఆడవాళ్ల వరస ఒకటి ఉంటుంది. ఒక పక్క పసుపు క్యారెట్ గుట్ట, ఇంకో పక్క ఎర్ర క్యారెట్ గుట్ట, చేతిలో పల్చటి పొడవాటి కత్తి. పక్కామెతో కబుర్లు నడుస్తూనే ఉంటాయి, కొనడానికి వచ్చినవాళ్లకి ధర చెప్తూనే ఉంటారు, కత్తి మాత్రం ఆగదు. క్యారెట్‌ని ఏటవాలుగా పల్చటి బిళ్లలు కోసి, నాలుగైదు బిళ్లలు దొంతర పెట్టి పుల్లలుగా చీలుస్తారు. కిలో అంటే కిలో, మూడంటే మూడు తూచి కవర్లో పోసి ఇస్తారు. ఇంటికి తీసుకెళ్లి కజాన్ అనే ఇనప వంటపాత్రలో వేసేయడమే.

కొత్తగా వెళ్లినవాళ్లకి ఇది తీరిక లేనివాళ్ల కోసం పెట్టిన ఏర్పాటులా కనిపిస్తుంది. అసలు సంగతి వేరు. ఉజ్బెక్ ఇంటివంటలో మసాలా లేదనే చెప్పాలి. జీలకర్ర, ఉప్పు, ఉల్లిపాయ, ఎండుమిరపకాయ ఒకటి అరా, కొత్తిమీర, సోయికూర, అంతే. మనకి కూర తేలిపోతే గరం మసాలా ఇంకో చిటికెడు వేసి సర్దేస్తాం. అక్కడ సర్దడానికి ఏమీ ఉండదు. బియ్యం తప్పు రకమైతే, కొవ్వు చాలకపోతే, క్యారెట్ ముక్క మందం తేడాగా ఉంటే పొయ్యి దగ్గర చేసేదేం లేదు. అందుకే అక్కడి ఇల్లాళ్లు, ముఖ్యంగా పలోవ్ (మాంసం, క్యారెట్, బియ్యం కలిపి వండే వాళ్ల పులావు) బాధ్యత తలకెత్తుకునే మగవాళ్లు, బజారులో అంతసేపు గడుపుతారు. సమర్‌కంద్, బుఖారా, తాష్కెంట్‌లకి ఎంబీబీఎస్‌కి వెళ్లిన మన పిల్లల్లో చాలామంది హాస్టల్ గదిలో కుక్కర్ పెట్టుకుని పప్పన్నంతో కాలక్షేపం చేసి వచ్చేస్తారు. బజారుకి అలవాటుపడి, ఎవరో ఒకరి ఇంట్లో వంట చూసినవాళ్ల జ్ఞాపకాలు మాత్రం వేరుగా ఉంటాయి.

చోర్సూలో పెద్ద నీలి గోపురం కింద మాంసం, పాల సరుకు. పై అంతస్తులో గుండ్రంగా తిరిగే వసారాలో ఎండుపళ్లు, గింజలు, దినుసులు. బియ్యం, కూరగాయలు, రొట్టెలు బయట షెడ్లలో. సమర్‌కంద్ సియోబ్ బజారు బీబీ ఖానుమ్ మసీదు పక్కనే. నగరం చూడ్డానికి వచ్చినవాళ్లు ఎలాగూ అందులోంచి నడుస్తారు కాబట్టి ధర ఒక మెట్టు పైనే పలుకుతుంది. అడిగే పద్ధతి తెలిస్తే దిగుతుంది. ముందు సలాం చెప్పాలి, కుడిచెయ్యి గుండె మీద పెట్టి. అమ్మేది పెద్దావిడైతే ‘ఒపా’ అనాలి, మగవాడైతే ‘అకా’. అక్కా, అన్నా అన్నట్టే. నేరుగా ‘ఎంత?’ అని మొదలుపెట్టేవాడికి పరదేశి ధర చెప్తారు. ఎండుద్రాక్ష, ఎండు ఆప్రికాట్, వాల్‌నట్ ఏదైనా రుచి చూడమని వాళ్లే చేతిలో పెడతారు. తిన్నంత మాత్రాన కొనాల్సిన పని లేదు. బేరం పదో పదిహేనో శాతం వరకే మర్యాద. సగానికి అడిగితే మొహం తిప్పేసుకుంటారు, అది మన కోఠీ కాదు.

దినుసుల దగ్గర ఒక్క విషయంలో జాగ్రత్త. కుంకుమపువ్వు అని గుట్టలుగా పోసి చవగ్గా అమ్మేది చాలాసార్లు కుసుమపువ్వు. తెలంగాణలో కుసుమ చేలు చూసినవాళ్లు ఆ నారింజ రంగు పొట్టి రేకల్ని ఇట్టే గుర్తుపడతారు. రంగు ఇస్తుంది, వాసన రాదు. జీలకర్ర మాత్రం అక్కడ కొనితీరాల్సిన సరుకు. సన్నగా, నల్లగా ఉంటుంది. మన బిర్యానీలో పడే షాజీరాకి దగ్గరి చుట్టం. చిటికెడు అరచేతిలో వేసుకుని రెండో అరచేత్తో నలిపితే వాసన గుప్పుమనాలి. అలా రాకపోతే పాత సరుకు. దాని పక్కనే ‘జిర్క్’ అని ఎండిన చిన్న పుల్లటి పళ్లుంటాయి. ఎర్రగా ఉన్నదానికంటే నల్లగా, మెత్తగా ఉన్నది మేలు. చింతపండు లేని దేశంలో పలోవ్‌కి ఆ పాటి పులుపు ఇచ్చేది అదే.

బియ్యంలో రెండు పేర్లు తెలిస్తే చాలు. ‘లేజర్’ తెల్లగా, సన్నగా, చవగ్గా దొరికే రోజువారీ బియ్యం. ‘దేవ్‌జిరా’ ఫెర్గానా లోయ బియ్యం. గింజ లావు, పైన ఎర్రటి పొడి పట్టి ఉంటుంది, ఆ పొడి కడిగేశాక కూడా గింజ మీద సన్నటి ఎర్ర గీత మిగులుతుంది. దేవ్‌జిరా గొప్పతనమల్లా తాగుడులో ఉంది: నీళ్లూ, కొవ్వూ బోలెడు తాగి కూడా గింజ విరగదు, అంటుకోదు. కొత్తవాళ్లు మొదట లేజర్‌తో మొదలుపెట్టి దేవ్‌జిరాకి వెళ్తే ఎసరు లెక్క తప్పుతుంది, బియ్యం పలుకుగా ఉండిపోతుంది. దేవ్‌జిరాతో మొదలుపెట్టి లేజర్‌కి వస్తే చిమిడిపోతుంది.

ఇక దుంబా. అక్కడి గొర్రెకి వెనక వైపు దిండంత కొవ్వు పెరుగుతుంది. అది విడిగా తూచి అమ్ముతారు, మంచి మాంసంతో సమానంగా చూస్తారు. తెల్లగా, గట్టిగా ఉండాలి. పసుపు తిరిగితే ముసలి గొర్రెది, కరిగించాక కమురు వాసన వస్తుంది. దుంబా వద్దనుకునేవాళ్లు పత్తిగింజల నూనె వాడతారు. పత్తి పండే దేశం కాబట్టి పాతకాలం నుంచీ అదే వంటనూనె. ఆ నూనెని పొగ వచ్చేదాకా కాచి, ఒక ఉల్లిపాయ సగాన్నో, ఎముకనో వేసి నల్లబడేదాకా వేయించి తీసి పారేస్తారు. పచ్చి వాసన దాంతో పోతుంది. నిజానికి ఇళ్లలో ఎక్కువగా చేసేది రెండూ కలిపి వాడడమే.

పలోవ్ కొలత కష్టమైనదేం కాదు. బియ్యం కిలో, క్యారెట్ కిలో, గొర్రె మాంసం కిలో. ఈ మూడూ సమానం. మాంసం భుజం ముక్క, పక్కటెముకలు కలిపి తీసుకుంటే బాగుంటుంది. ఉల్లిపాయలు 300 గ్రాములు, దుంబా 150 గ్రాములు, నూనె 150 మిల్లీలీటర్లు, పొట్టు పైపైన ఒలిచిన వెల్లుల్లి గడ్డలు రెండు, రాత్రి నానబెట్టిన శనగలు గుప్పెడు, జీలకర్ర పెద్ద చెంచాడు, జిర్క్ పెద్ద చెంచాడు, తొడిమ తుంచని ఎండుమిరపకాయలు రెండు. ఎనిమిది మందికి సరిపోతుంది. పాత్ర మందపాటి పోత ఇనుము కజాన్, అడుగు గుండ్రంగా. గరిటె కప్‌గిర్, చిల్లుల గరిటె లాంటిదే కానీ పెద్దది, కొద్దిగా పల్లం.

ముందు దుంబా ముక్కల్ని కరిగించి, బంగారు రంగు తిరిగిన పిప్పిని తీసి పక్కన పెడతారు. దాని పేరు జిజ్జా. వంట అయ్యేదాకా అది మిగలదు. ఉప్పు జల్లుకుని, పచ్చి ఉల్లిపాయతో, రొట్టెతో అక్కడే నిలబడి తినేస్తారు. ఆ కొవ్వులో నూనె పోసి, పెద్ద మంట మీద మాంసం ముక్కలు ఎర్రగా కాలేదాకా వేయించాలి. ఇక్కడ మంట తగ్గిస్తే మాంసంలోంచి నీరు ఊరి, వేగడం మానేసి ఉడకడం మొదలుపెడుతుంది, పలోవ్ రంగు తేలిపోతుంది. తర్వాత ఉల్లిపాయ. ఉల్లిపాయని ఎంత వేయిస్తే అన్నానికి అంత రంగు. తాష్కెంట్, సమర్‌కంద్ వైపు లేత బంగారు రంగులో ఆపుతారు, ఫెర్గానా వైపు ముదురు గోధుమ రంగు దాకా వెళ్తారు.

క్యారెట్ పుల్లలు అరసెంటీమీటరు మందం ఉండాలి. తురుము పనికిరాదు. తురిమింది గంటసేపు ఉడికేసరికి హల్వా అయి కూర్చుంటుంది. పసుపు క్యారెట్‌కి తీపి తక్కువ, గట్టిదనం ఎక్కువ. ఎర్రది రంగు కోసం కొంచెం కలుపుతారు. వేసిన వెంటనే కలపకుండా రెండు నిమిషాలు ఆవిరికి వదిలేసి, అప్పుడు కప్‌గిర్ అంచుతో అడుగు నుంచి పైకి తిరగేయాలి, విరగకుండా. పుల్ల వంచితే వంగాలి, విరిగితే ఇంకా కాలేదు. అడుగున ఒక్క పుల్ల మాడినా చేదు మొత్తం వంటకి పాకుతుంది.

అప్పుడు వేడినీళ్లు, క్యారెట్ మీద రెండు వేళ్ల మందం మునిగేలా. శనగలు, వెల్లుల్లి గడ్డలు, ఎండుమిరపకాయలు, సగం జీలకర్ర. దీన్నే జిర్వాక్ అంటారు, పలోవ్ ప్రాణం ఇందులోనే ఉంది. మూత పెట్టకుండా, గట్టిగా మరగకుండా, పైన అక్కడక్కడా బుడగ లేచే సెగ మీద నలభై నిమిషాల నుంచి గంట. గరిటె పెట్టి కలపకూడదు, కలిపితే రసం మసకబారుతుంది. ఉప్పు చివర్లో వేసి రుచి చూస్తే నాలుకకి కొంచెం ఎక్కువే అనిపించాలి. ఆ మిగులు ఉప్పు బియ్యానికి. మనవాళ్లు చాలామంది తప్పేది ఇక్కడే. రసం రుచిగా ఉండగానే ఉప్పు ఆపేస్తారు, తీరా అన్నం చప్పగా దిగుతుంది. మిరపకాయ చీలకూడదు. చీలిందా, ఆ కారం మనకి ఫరవాలేదు గానీ, ఇంటి పెద్దాయన తినడు.

లేజర్ బియ్యాన్ని నీరు తేటగా వచ్చేదాకా కడిగి, గోరువెచ్చటి ఉప్పునీళ్లలో అరగంట నానేస్తారు. దేవ్‌జిరా అయితే గంట, ఇంకాస్త ఎక్కువైనా పరవాలేదు. వంపేసిన బియ్యాన్ని జిర్వాక్ మీద సమంగా పరవాలి. కలపకూడదు: మాంసం కింద, క్యారెట్ దాని మీద, బియ్యం పైన, ఎవరి స్థానంలో వాళ్లు. ఎసరు పోసేటప్పుడు కప్‌గిర్‌ని బియ్యం మీద ఆనించి, దాని మీదుగా మరిగే నీళ్లు పోస్తారు. నేరుగా పోస్తే అక్కడ గుంట పడి, కింది క్యారెట్ పైకి లేస్తుంది. లేజర్‌కి బియ్యం మీద వేలి మొదటి కణుపులో సగం, దేవ్‌జిరాకి కణుపు నిండా. మంట పెద్దది చేయాలి. నీరు కనుమరుగయ్యాక గరిటె వీపుతో తడితే కింద నూనె చిటపటలాడే చప్పుడు వినిపిస్తుంది, నీళ్ల బుడగల చప్పుడు కాదు. ఆ తేడా చెవికి పట్టినవాడే పలోవ్ వండగలడని నా అభిప్రాయం. అప్పుడు అంచుల నుంచి బియ్యాన్ని మధ్యకి పోగు చేసి, పుల్లతో అడుగు తగిలేదాకా ఐదారు చోట్ల పొడిచి, మిగిలిన జీలకర్ర నలిపి జల్లి, జిర్క్ కూడా వేసి, బట్ట చుట్టిన మూత పెట్టి, సన్నని సెగ మీద ఇరవై అయిదు నిమిషాలు మగ్గనివ్వాలి. బట్ట ఎందుకంటే మూతకి పట్టిన ఆవిరి చుక్కలై మళ్లీ అన్నం మీద పడకుండా.

దించాక ఒక్కో ఊరిది ఒక్కో పద్ధతి. ఫెర్గానాలో అడుగు నుంచి మొత్తం కలిపేస్తారు. సమర్‌కంద్‌లో కలపరు. లగన్ అనే పెద్ద పళ్లెంలో ముందు అన్నం, దాని మీద క్యారెట్, పైన కోసిన మాంసం వరసగా పేర్చుతారు. తాష్కెంట్ పెళ్లిళ్లలో గుర్రపు మాంసం సాసేజి చక్రాలు, కౌజుపిట్ట గుడ్లు, ఎండుద్రాక్ష చేరతాయి. పెళ్లినాడు తెల్లవారుజామునే మగవాళ్లకి పలోవ్ వడ్డించే ఆచారం ఉంది. దానికోసం రాత్రంతా కజాన్ల దగ్గర మంట ఆరదు. ఈ పలోవ్ సంప్రదాయాన్ని 2016లో యునెస్కో మానవాళి వారసత్వ జాబితాలో చేర్చింది. పక్కన తినడానికి టమాటా, ఉల్లిపాయ కాగితమంత పల్చగా కోసి, ఉప్పు, పచ్చిమిర్చి కలిపిన అచ్చిక్-చుచుక్ ఒక్కటే. మనవాళ్లు దాని స్థానంలో పెరుగుపచ్చడి పెట్టుకోవడం చూసి వాళ్లు నవ్వుకుంటారు గానీ ఏమీ అనరు.

పలోవ్ చిమిడిపోతే పారేయరు. ఎసరు ఎక్కువ పోసి, కావాలనే మెత్తగా, ముద్దగా కలిపి వండే షవ్లా అనే వంటకం వాళ్లకి వేరే ఉంది. ఆ పేరు పెట్టి వడ్డిస్తే మర్యాద దక్కుతుంది. మాంసం లేకుండా రోజులు వెళ్లదీసే హాస్టల్ పిల్లలకి దానికంటే పనికొచ్చేది మాష్‌కిచిరి. పొట్టు తీయని పెసలు గ్లాసు, బియ్యం గ్లాసు. ఉల్లిపాయ, క్యారెట్ చిన్న ముక్కలు వేయించి, ఐదు గ్లాసుల నీళ్లు పోసి, ముందు పెసలు పగిలేదాకా ఉడికించి, తర్వాతే బియ్యం వేయాలి. రెండూ ఒకేసారి వేస్తే అన్నం గంజి అవుతుంది, పెసలు గులకరాళ్లలా ఉంటాయి. పైన చెంచాడు గట్టి పెరుగు.

బజారులో మన నాలుకకి మొదటిరోజే నచ్చేది కొరియావాళ్ల క్యారెట్ పచ్చడి. 1937లో సోవియట్ ప్రభుత్వం దూరప్రాచ్యం నుంచి కొరియా కుటుంబాల్ని రైళ్లలో ఎక్కించి మధ్య ఆసియాకి తరలించింది. వాళ్ల కిమ్చీకి కావాల్సిన క్యాబేజీ దొరక్క, దొరికిన క్యారెట్‌తో మొదలుపెట్టిందే ఇది. క్యారెట్ సన్నటి పోగులుగా కోసి, కిలోకి చెంచా ఉప్పు, రెండు చెంచాల పంచదార, రెండు పెద్ద చెంచాల వెనిగర్ కలిపి ఇరవై నిమిషాలు ఉంచి, ఊరిన నీరు పిండేస్తారు. పైన వెల్లుల్లి, ధనియాల పొడి, కారం పెట్టి, సరిగ్గా వాటి మీద పడేలా వంద మిల్లీలీటర్ల కాగిన నూనె పోస్తారు. తాలింపు పెట్టినట్టే చుయ్యిమంటుంది. నీరు పిండకపోతే మర్నాటికి పులుసులో ఈదుతుంటుంది. పిండి చేస్తే ఫ్రిజ్‌లో వారం నిలుస్తుంది.

రొట్టె సంగతి. సమర్‌కంద్ నాన్ బరువుగా, నిగనిగలాడుతూ, రోజుల తరబడి పాడవకుండా ఉంటుంది. తాష్కెంట్ నాన్ తేలిక, ఆరోజు తినేయాలి. మధ్యలో చెకిచ్ అనే మేకుల ముద్రతో పొడిచేది అందానికే కాదు. అక్కడ పిండి పొంగకుండా నొక్కిపెట్టడానికి. అది సరిగా పొడవకపోతే తందీర్ పొయ్యి గోడకి అంటుకున్న రొట్టె మధ్యలో బుడ్డలా ఉబ్బి, ఊడి నిప్పుల్లో పడుతుంది. రొట్టెని బోర్లా పెట్టకూడదు, నేల మీద పెట్టకూడదు, కత్తితో కోయకూడదు. చేత్తో తుంచి అందరి ముందూ ముక్కలు పెట్టాలి. ఇంట్లో అందరికంటే చిన్నవాడు టీ పోస్తాడు. టీ కుండని వేడినీళ్లతో తొలిచి, ఆకు వేసి, మరిగిన నీళ్లు పోసి, మొదటి పియాలా (పిడి లేని చిన్న కప్పు) టీని మళ్లీ కుండలోకే పోస్తాడు, అలా మూడుసార్లు. ఆకు అంతటా సమంగా దిగడానికి అది. పియాలాలో సగానికి తక్కువే పోస్తాడు. మన ఇళ్లలో నిండా పోయకపోతే తక్కువ చేసినట్టు. అక్కడ నిండా పోస్తే ‘తాగి బయల్దేరు’ అన్నట్టు. కొంచెం కొంచెం పోస్తే మళ్లీ మళ్లీ పోయాలి, అతిథి ఇంకాసేపు కూర్చుంటాడు.

మార్చి వస్తే బజారంతా పచ్చిక వాసన. పుదీనా, పాలకూర, పొలం గట్ల మీది ఆకులు కలిపి చేసే కూర సమ్సాలు (మన సమోసా లాంటివి) ఆ కొన్ని వారాలే. మార్చి 21న వసంత పండుగ నవ్‌రూజ్, దానికి సుమలక్. గోధుమల్ని నానబెట్టి, బల్ల మీద పల్చగా పరిచి, నీళ్లు చిలకరిస్తూ మూడు నాలుగు రోజులు మొలకెత్తిస్తారు. తెల్లటి వేళ్లు ఒకదానికొకటి పెనవేసుకోవాలి, పచ్చ మొన మాత్రం కనబడకూడదు. పచ్చబడితే చేదు. ఆ మొలకల్ని రుబ్బి, పాలు తీసి, పిండి, నూనెతో కలిపి పెద్ద కజాన్‌లో దాదాపు ఒక పగలూ ఒక రాత్రీ కలుపుతూనే ఉంటారు, వాడకట్టు ఆడవాళ్లంతా వంతులవారీగా, పాటలు పాడుకుంటూ. అడుగున శుభ్రంగా కడిగిన గులకరాళ్లు వేస్తారు, అవి దొర్లుతూ అడుగంటకుండా కాపాడతాయి. చక్కెర పలుకు కూడా వేయరు. మొలకెత్తిన గింజలోని ఎంజైమ్ పిండిని తీపిగా మారుస్తుంది. అందుకే మొదట్లో మంట గట్టిగా పెట్టకూడదు. తొందరపడి మరిగిస్తే ఆ పని ఆగిపోయి, తెల్లారేసరికి తీపి లేని జావ మిగులుతుంది. తమ వాటా గిన్నెలో గులకరాయి వచ్చినవాళ్లు ఏదైనా కోరుకోవచ్చు.

సమర్‌కంద్‌కీ హైదరాబాద్‌కీ పాత చుట్టరికం కూడా ఉంది. మొదటి నిజాం తాత కిలిచ్ ఖాన్ అటు నుంచి వచ్చినవాడే, 1687లో గోల్కొండ ముట్టడిలో ప్రాణం పోగొట్టుకున్నాడు. అయినా పలోవ్‌ని బిర్యానీ చెయ్యితో వండితే రాదు. ఇక్కడ ఇంట్లో వండాలంటే సగం కిలో కొలతే మంచిది, గ్యాస్ పొయ్యి సెగ అంతకు మించి చాలదు. కజాన్ లేకపోతే మందపాటి ఇనప మూకుడు. నాన్‌స్టిక్‌లో మాంసం ఎర్రబడదు. దేవ్‌జిరా దొరకదు కాబట్టి సెల్లా బియ్యం (ఉప్పుడు బాస్మతి) గంట నానబెట్టి వాడొచ్చు. సోనామసూరి వద్దు, ముద్దవుతుంది. క్యారెట్ మనది ఎర్రటి తీపి రకం, కిలోకి బదులు ముప్పావు కిలో లెక్కన వేసి జిర్క్ రెండింతలు చేస్తే తీపి సర్దుకుంటుంది. దుంబా దొరకదు. మాంసం కొట్టేవాణ్ణి అడిగి మామూలు గొర్రె కొవ్వు వంద గ్రాములు తెచ్చుకోవచ్చు, కానీ అది త్వరగా గడ్డకడుతుంది. కాబట్టి వేడివేడిగా వడ్డించాలి. చన్నీళ్లు, కూల్‌డ్రింకులు బల్ల మీద లేకుండా చూసి, పాలు లేని గ్రీన్ టీ కుండ ఒకటి పక్కన పెట్టాలి. మర్నాటికి మిగిలితే గుప్పెడు నీళ్లు చిలకరించి, మూతపెట్టి, సన్నని సెగ మీద పది నిమిషాలు. మైక్రోవేవ్‌లో పెడితే శనగలు గట్టిపడతాయి.